సూది తియ్యని గిన్నె

పోయిన వారం కథలో, నేను మా పక్కింటి గోలందామ్ తలుపు తట్టిన చోట ఆగాం. ఆమె వచ్చి గడియ తీసేలోపు వెనకటి సంగతి చెప్పేస్తాను.

నా పేరు అమానుల్లా. మా ఊరు కోహ్నాబ్. యజ్ద్ పట్నం నుంచి లారీలో ఒక పూట ప్రయాణం, మా ఊరు దాటితే ఎడారి. నేను పిస్తా వ్యాపారిని, నీటి వంతుల బేరం కూడా చూస్తాను. ఊరికి నేల కింద నుంచి వచ్చే కాలువ ఒక్కటే. పదిహేను రోజులకొకసారి ఒక్కొక్కరి పొలానికి ఆ నీళ్ళు పారతాయి. ఎవరికి ఎంతసేపు అన్నది నీళ్ళ ఇంట్లో కూర్చునే నీరటి ఖుదాబక్ష్ చెబుతాడు. తొట్టి నిండా నీళ్ళు, అందులో అడుగున సన్నటి చిల్లు ఉన్న రాగి గిన్నె. అది తేలుతూ తేలుతూ నిండి మునిగితే ఒక గిన్నె కాలం. మునిగిన ప్రతిసారీ ఒక గులకరాయి పక్కన పెట్టి గిన్నెను మళ్ళీ తేలవేస్తాడు. మా ఊళ్ళో కాలాన్ని కొంటాం, అమ్ముతాం, కొడుకులకు పంచుతాం. పెళ్ళి సంబంధం మాట్లాడటానికి వచ్చినవాళ్ళు పిల్లవాడి మొహం చూడకముందే ఎన్ని గిన్నెలున్నాయని అడుగుతారు. కాలం అంటే మాకు నీళ్ళే. ఆ లెక్కే నన్ను ముంచింది.

ఆరేళ్ళ కిందట కరువు వచ్చింది. ఆ ఏడే నాటిన నా పిస్తా మొక్కలు నాలుగు వందలూ తలలు వాల్చేశాయి. అప్పుడే సొరంగాలు తవ్వే ముసలివాడొకడు, కూలిపోయిన పాత బావి అడుగున దొరికిందని ఒక గిన్నె తెచ్చి నాకు అంటగట్టాడు. చూడటానికి నీళ్ళ ఇంటి గిన్నె లాంటిదే. కాకపోతే దీని చిల్లుకు సరిపోయే తగరపు సూది ఒకటుంది. సూది సగం దూర్చి తేలవేస్తే గిన్నె ఆలస్యంగా మునుగుతుంది. అంతవరకు ఏ దొంగైనా చెయ్యగలడు, దానికి చిటికెడు మైనం చాలు. అయితే అలాంటి దొంగను సూర్యుడు పట్టిస్తాడు, పొద్దుకుంకేసరికి గులకరాళ్ళు తక్కువ పడతాయి. ఈ గిన్నెతో ఆ భయం లేదు. ఇది నెమ్మదిస్తే సూర్యుడూ నెమ్మదిస్తాడు.

నా వంతు రోజు మధ్యాహ్నం, ఖుదాబక్ష్ నమాజులో వంగినప్పుడు గిన్నె మార్చాను. ఆయన నుదురు నేలకు ఆనింది, ఆనినట్టే ఉండిపోయింది. గోడ మీద నీడ కదల్లేదు. నీళ్ళు మాత్రం నా మొక్కల్లోకి పారుతూనే ఉన్నాయి. గిన్నె మునిగిన క్షణాన పాత గిన్నెను తొట్టిలో వేసి, నాదాన్ని తడితో, సూదితో సహా పైబట్ట కింద దాచేశాను. ఆయన తల ఎత్తాడు. నేను ఇంటికి వచ్చి గిన్నెను పెట్టె అడుగున పడేశాను. మళ్ళీ ముట్టుకోలేదు. "మునిగాక సూది తియ్యడం మరిచిపోకు" అన్నాడు ముసలివాడు అమ్మేటప్పుడు. కొడవలి కడిగి పెట్టుకో అన్నట్టు, పనిముట్టు శుభ్రం గురించి చెబుతున్నాడనుకున్నాను.

నా తరవాతి వంతు గోలందామ్‌ది. ఆ రోజు ఆమె గులకరాళ్ళు లెక్కకు సరిపోయాయి. అయినా ఆమె మడిలో చివరి రెండు చాళ్ళు తడవలేదు. ఒక్క గిన్నె. ఆరేళ్ళుగా నా మెడ మీద ఉన్న పాపం బరువు ఒక్క గిన్నె అనుకుంటూ వచ్చాను.

ఇప్పుడు నేను ఇమాము సమాధి చూడటానికి కర్బలా యాత్రకు బయలుదేరుతున్నాను. శనివారం లారీ. యాత్రకు వెళ్ళేవాడు ముందు ఇల్లిల్లూ తిరిగి, నా వల్ల మీకు ఏ అన్యాయం జరిగినా హలాల్ చెయ్యండి, నా మీద మీకున్న హక్కు వదిలేయండి అని అడగాలి. మావాళ్ళలో అది తప్పదు. రెండు రోజులు తిరిగాను. రొట్టెల సకీనా పొయ్యిలోంచి తల బయటికి పెట్టి, "అన్నీ హలాలే గానీ, పోయినేడు తియ్యవని చెప్పి ఇచ్చిన ఆ పుల్ల దానిమ్మలు మాత్రం కాదు, వాటి లెక్క అక్కడ ఇమాము దగ్గర తేల్చుకో" అంది. అందరూ నవ్వారు, నేనూ నవ్వాను. ఖుదాబక్ష్ దగ్గర నవ్వు రాలేదు. తొట్టి మీంచి కళ్ళు తియ్యకుండానే ఆయన, నా ముందు నువ్వేం అన్యాయం చెయ్యగలవురా, నా చూపు ఏనాడైనా గిన్నె మీంచి కదిలితే కదా అని, హలాల్ అని, గులకరాయి ఒకటి పక్కకు జరిపాడు. ఆ రాయి చప్పుడు బయటికి వచ్చాక కూడా నా చెవిలో ఉంది.

గోలందామ్ ఇల్లు చివరికి ఉంచుకున్నాను. మా రెండిళ్ళకూ గోడ ఒకటే. అయినా ఆరేళ్ళుగా ఆ గుమ్మంలో అడుగు పెట్టలేదు.

తలుపు తెరుచుకుంది.

*

ఆమెను వీధిలో చూస్తూనే ఉన్నాను, కాకపోతే దూరం నుంచి, తల దించుకుని. గుమ్మంలో ఎదురుగా, తల ఎత్తి చూసింది ఇప్పుడే. నాకు నలభై నాలుగు, ఆమెకు ముప్ఫై నాలుగు. నా గడ్డం పూర్తిగా నెరిసిపోయింది. ఆమె మొహం మీద మాత్రం, భర్త సొరంగంలో పోయిన నాటి నునుపు అలాగే ఉంది. విధవరాలు ఏ తైలం రాసుకుంటోందోనని ఊరి ఆడవాళ్ళు వెనక గుసగుసలాడుతుంటే నేను ఎన్నోసార్లు విన్నాను. విని ఊరుకున్నాను.

"రా, అమానుల్లా అన్నా" అంది. "నువ్వు రాకుండానే లారీ ఎక్కేస్తావనుకున్నాను."

లోపల కూర్చోబెట్టి టీ పోసింది. పక్కన పటికబెల్లం పెట్టింది. ఆమెకు నేను చెల్లించలేని బాకీ ఇంకొకటుంది, అది గిన్నెకు ముందటిది. నా భార్య ప్రసవంలో పోతే, అదే వారం బిడ్డను కన్న గోలందామ్ నా తూబాను కూడా ఒళ్ళో పెట్టుకుని రెండేళ్ళు పాలిచ్చింది. ఒక రొమ్ము నా కూతురికి, ఒక రొమ్ము తన కూతురు మాహ్రుఖ్‌కు. మా లెక్కలో ఆ ఇద్దరూ అక్కచెల్లెళ్ళే. ఆ మనిషి చాళ్ళు ఎండబెట్టాను నేను.

టీ ముట్టుకోకుండా, అందరి దగ్గరా అన్న మాటే అన్నాను. తెలిసీ తెలియకా నా వల్ల ఏదైనా జరిగుంటే హలాల్ చెయ్యి చెల్లీ అన్నాను.

అందరూ వెంటనే హలాల్ అన్నారు. ఈమె అనలేదు.

"దేన్ని?" అంది.

అదే, ఏదైనా, అన్నాను.

"ఏదైనా అంటే నాకు తెలియదు. సంతలో ఏదైనా ఇవ్వు అంటే నువ్వు ఇస్తావా? పేరు చెప్పి అడుగు."

నేను సిద్ధపడే వచ్చాను. వ్యాపారం చేసేవాడు ఎదుటివాడి మొదటి మాట ఏమిటో ఇంటి దగ్గరే ఊహించుకుని బయలుదేరతాడు. గిన్నె సంగతి, సూది సంగతి, ఆగిన నీడ సంగతి, అన్నీ చెప్పాను. దాచలేదు, కాస్త వేగంగా చెప్పానంతే. చివర, ఒకటికి పది గిన్నెల నీళ్ళు, ప్రతి వంతులోనూ, నేను బతికున్నంత కాలం, ఖుదాబక్ష్ ముందు నిలబడి రాసిస్తాను అన్నాను. ఊళ్ళో ఎవరూ ఇంతవరకు అంత బేరం చెప్పి ఉండరు. చెప్పాక నాకు గుండె తేలికపడింది కూడా.

ఆమె ఆశ్చర్యపోతుందనుకున్నాను. ఆమె జపమాల తీసి నా ముందు పెట్టింది.

"ఆ రోజు నేను నా మడి దగ్గర నా వంతు కోసం కూర్చున్నాను. కర్ర నీడ చూసుకుంటూ పూసలు తిప్పుతున్నాను. మూడు చుట్లు తిరిగాయి. నీడ కదల్లేదు. పక్క మడిలో పిట్ట గాలిలో ఆగిపోయింది. అందరికీ ఆగింది, నాకు ఆగలేదు. నా ఒంట్లోంచి ఏదో లాగేస్తున్నట్టే ఉంది. సాయంత్రం నలుగురిలో ఆ మాట చెప్పాను. అప్పుడు అందరికన్నా ముందు, ఎండదెబ్బ తగిలింది పాపం అన్నది ఎవరు?"

నేనే. ఎండదెబ్బకు మంచిదని పుచ్చకాయ కూడా పంపించాను.

"పుచ్చకాయ బాగుంది" అంది ఆమె. "తియ్యగా ఉంది."

తరవాత పెరటి వైపు తిరిగి కూతుర్ని పిలిచింది. మాహ్రుఖ్ పరిగెత్తుకుంటూ వచ్చింది. ఈ పిల్లనూ నేను వీధిలో చూస్తూనే ఉన్నాను. గిడసబారిన పిల్ల, తిండి పడటం లేదు అని అందరూ అంటుంటే నేనూ అదే అనుకుని, పిస్తాలూ ఎండు మల్బరీలూ సంచుల్లో కట్టి పంపేవాణ్ణి. సంచి పంపిన రోజు అన్నం కాస్త సహించేది నాకు.

పిల్ల నా మోకాళ్ళ దగ్గరికి వచ్చి నోరు తెరిచి ముందు పన్ను నాలుకతో కదిపింది. "బాబాయ్, చూడు, ఊగుతోంది. ఇది మొదటిది. తూబా పళ్ళన్నీ ఎప్పుడో ఊడి కొత్తవి వచ్చేశాయంట కదా. ఇప్పుడది నాతో అచ్చనగాయలు ఆడటంలేదు, పెద్దదాన్నయ్యాను అంటోంది. మేమిద్దరం ఒకే వారం పుట్టాం కదా, అదెందుకు పెద్దదయింది?"

పన్నెండేళ్ళ పిల్ల. పాలపన్ను ఊగుతోందని సంబరపడుతోంది.

గోలందామ్ పిల్లను గుమ్మం దగ్గర నిలబెట్టి, నన్నూ రమ్మంది. ప్రతి నౌరోజ్ పండగకూ పిల్లలిద్దర్నీ ఆ తలుపు చట్రానికి ఆనించి, తల ఎత్తున కత్తితో గాటు పెడుతుందట. కుడివైపు తూబా, ఎడమవైపు మాహ్రుఖ్. కొలతలు చూడటం నా వృత్తి. కింద నుంచి చూసుకుంటూ వచ్చాను. ఆరో ఏడు వరకు గాట్లు ఎదురెదురుగా, ఒకే నిచ్చెన మెట్లలా ఉన్నాయి. ఆ తరవాత కుడివైపు గాట్లు రెండేసి మెట్లు ఎగిరి పైకి పోయాయి. ఎడమవైపువి ఒకదానిమీద ఒకటి, గోరు పట్టనంత దగ్గరగా, అక్కడక్కడే ముసురుకున్నాయి. చివరి గాటు పిల్ల తలకు సరిగ్గా తగులుతోంది. కుడివైపు చివరి గాటు నా కనుబొమల దగ్గరుంది.

వేలు ఆనించి కొలిచాను. నా కూతురు ఆరేళ్ళలో పదిన్నరేళ్ళు ఎదిగింది. ఈ పిల్ల ఏడాదిన్నర ఎదిగింది. నాలుగున్నరేళ్ళు ఇటు తగ్గి అటు పెరిగాయి. రెండు వైపులా కూడితే పన్నెండు, ఆరూ ఆరూ. చిల్లర కూడా తేడా లేదు. అంత శుభ్రంగా సరిపోయిన లెక్క నా జన్మలో చూడలేదు.

గోలందామ్ పిల్లను ఆడుకోమని పంపేసి, వంటగదిలోంచి పెరుగు కుండ తెచ్చి మూత తీసింది. పాలు పాలుగానే ఉన్నాయి.

"తోడు పెట్టి రెండు రోజులయింది. మా ఇంట్లో నాలుగో రోజుకు గాని పెరుగు కాదు. పిండి పొంగాలంటే రాత్రీ పగలూ ఆగాలి. మీ ఇంట్లో?"

మా ఇంట్లో పొద్దున తోడు పెడితే మధ్యాహ్నానికి పులిసిపోతుంది. వంటమనిషిని మూడుసార్లు మార్చాను, కుండలు సరిగ్గా తోమడం లేదని. నా పిస్తా మొక్కలు ఎనిమిదో ఏట కాయాల్సినవి ఐదో ఏట కాశాయి. ఎరువు గొప్పతనమని సంతలో చెప్పుకున్నాను. కొన్నవాళ్ళు కూడా నమ్మారు. నా గడ్డానికి వ్యాపారం చింత అని పేరు పెట్టాను. తూబాను చూసి ఊరి ఆడవాళ్ళు, పాలు మొత్తం ఇదే తాగేసింది, అందుకే ఆ పిల్ల అలా ఉంది అని ఎకసెక్కాలాడితే, నా కూతురు ఏడుస్తూ ఇంటికి వచ్చింది. వాళ్ళ నోళ్ళకేం, ఊరుకోమని సర్దిచెప్పాను.

ఒక్క గిన్నె కదా తీసుకున్నాను, ఇన్నేళ్ళు ఎలా వచ్చాయి అన్నాను. ఆమెను అడగలేదు, నన్ను నేనే అడుక్కున్నాను. నోరు దాటి బయటికి వచ్చింది.

"మడవ తీశానని చెప్పావు" అంది ఆమె. "కట్టావా?"

పొలం ఉన్న ప్రతి మనిషికీ తెలిసిన మాట అది. పక్కవాడి కాలువకు మడవ తీసి, నీ మడి నిండాక మట్టిపెళ్ళ వేసి కట్టకుండా ఇంటికి పోతే, నీళ్ళు నీ కోసం ఆగవు. నువ్వు నిద్రపోయినా పారతాయి. నువ్వు మరిచిపోయినా పారతాయి. నేను గిన్నె ముంచింది ఒక్కసారే. సూది మాత్రం ఆరేళ్ళుగా ఆ చిల్లులో ఉంది.

కాలాన్ని నీళ్ళుగా లెక్కపెట్టడం పుట్టినప్పటి నుంచి నేర్చినవాణ్ణి, నీళ్ళకు చేసే పని కాలానికి చెయ్యలేదు.

లేచాను. చెప్పులు కూడా తొడుక్కోకుండా గుమ్మం వైపు నడిచాను. ఇప్పుడే వెళ్ళి సూది తీసేస్తానన్నాను. పోయినవి ఎలా తెచ్చిపెట్టాలో తెలియదు గానీ, ఈ క్షణం నుంచి ఒక్క చుక్క కూడా మా ఇంటికి రాకుండా చూస్తానన్నాను.

"కూర్చోండి" అంది గోలందామ్.

పన్నెండేళ్ళలో ఆమె నన్ను ఎప్పుడూ 'మీరు' అనలేదు. కూర్చున్నాను.

"నా దగ్గు గుర్తుందా మీకు?"

గుర్తుంది. కరువు ఏడాదికి ముందు గోడ అవతల ఆమె దగ్గు వినపడుతూ ఉండేది. పొడిగా, పాత తలుపు తీస్తున్నట్టు. రొట్టెల వేళ మరీ ఎక్కువ. తరవాత తగ్గిపోయింది. నేను దేవుడికి దండం పెట్టుకున్నాను కూడా, నా పాపం ఆమెకు పెద్దగా తగల్లేదని.

"అప్పుడు యజ్ద్‌లో డాక్టరుకు చూపించుకున్నాను. ఊపిరితిత్తులు చెడిపోయాయన్నాడు. రెండేళ్ళు, ఎక్కువంటే రెండేళ్ళు అన్నాడు. ఎవరికీ చెప్పలేదు, పిల్లకు ఆరేళ్ళు. రెండేళ్ళు దాటాయి, మూడు దాటాయి. నాకు ఏమీ కాలేదు. మొదట దేవుడి దయ అనుకున్నాను. తరవాత పెరుగు చూశాను, తలుపు గాట్లు చూశాను." ఆమె జపమాల చేతిలోకి తీసుకుంది. "ఆ రెండేళ్ళలో నా ఒంటికి ఏడాదిన్నరే అయిపోయింది, అన్నా. ఇంకా అర్ధ సంవత్సరం ఉంది. ఆ సూది ఉంటే అది రెండేళ్ళు వస్తుంది. తీస్తే ఆరు నెలలు."

తక్కెడ పట్టి బతికినవాణ్ణి. ఒక పళ్ళెంలో ఒకరి సొమ్ము, ఇంకో పళ్ళెంలో మరొకరి సొమ్ము ఉంటేనే నాకు తూచడం తెలుసు. ఇక్కడ రెండు పళ్ళాల్లోనూ ఆమెవే ఉన్నాయి. ఒకదాంట్లో ఆమె ఊపిరి, ఒకదాంట్లో ఆమె కూతురి ఎదుగుదల. తక్కెడ పట్టుకున్న చెయ్యి మాత్రం నాది.

చివరికి, నువ్వేమంటే అదే చేస్తానన్నాను.

"తియ్యాలి" అంది. ఒక్క నిమిషం కూడా ఆలోచించలేదు, ఆ ఆలోచన ఏళ్ళ కిందటే అయిపోయినట్టుంది. "పిల్ల పాలపళ్ళతో ముసలిది కావాలా? తియ్యాల్సిందే. కానీ ఇవాళ కాదు. నా మరుదులు నా వంతు నీళ్ళ మీద కన్నేసి ఉన్నారు, నేను పోతే పిల్లను కూడా నీళ్ళతో పాటు పంచుకుంటారు. దీన్ని ఎవరి చేతిలో పెట్టాలో తేల్చుకోవాలి. దానికి చెప్పాలి. అమ్మ లేకుండా ఎలా పడుకోవాలో నేర్పాలి. సూది ఉన్నన్నాళ్ళు నాకు రోజులు మెల్లగా పోతాయి. అవి మీరు తీసుకున్నవే కదా, నాలుగు రోజులు నాకే వాడుకోనివ్వండి."

మా ఇంటికి పంపమన్నాను. తూబాకు చెల్లెలే కదా, కన్నకూతురిలా చూసుకుంటానన్నాను.

"దొంగిలించిన సొత్తు దొంగ ఇంట్లోనే దాచమంటారా?" అంది. ఆ మాటలో కోపం లేదు. అందుకే ఎక్కువ తగిలింది. గొంతు తగ్గించి, "అదీ ఆలోచించాను. ఊళ్ళో నాకు ఇంకెవరున్నారు చెప్పు. తూబాకు నేను పాలిచ్చాను, అది దీన్ని వదలదు. దాని మీద నాకు నమ్మకం. నీ మీదే, ఎంతవరకు నమ్మాలో తెలియడంలేదు" అంది.

మళ్ళీ 'నువ్వు'లోకి వచ్చింది. అంతకంటే పెద్ద వరం నేను అడగలేను.

శనివారం లారీ ఎక్కనన్నాను. ఎక్కకు అంది. ఇమాము అక్కడే ఉంటాడు, ఎక్కడికీ పోడు. తను చెప్పిన రోజున, తన కళ్ళ ముందు, తను పిల్ల చెయ్యి పట్టుకుని ఉండగా నేను ఆ సూది తియ్యాలి. అప్పటిదాకా ఆ గిన్నెను ఎవరూ తాకకూడదు, గాలి కూడా తగలకూడదు. ఇమాము పేరు మీద మాట ఇమ్మంది. ఇచ్చాను.

గుమ్మం దాటుతుంటే ధైర్యం చేసి, మరి హలాల్ అన్నాను.

"సూది తీసిన రోజున నోట వస్తే వస్తుంది" అంది. "ముందుగా ఇచ్చే రకం కాదు అది. నువ్వు మాత్రం సరుకు చూడకుండా డబ్బిస్తావా?"

*

రెండు తలుపుల మధ్య పదిహేను అడుగులు. ఆ పదిహేను అడుగుల్లో నా బుర్ర ఎన్ని లెక్కలు వేసిందో చెబితే మీరు నన్ను చీదరించుకుంటారు. పెట్టెకు తాళం మార్చాలి. తూబాకు ఎంతవరకు చెప్పాలి? ఆమె మరుదులతో నేనే మాట్లాడితే, వంతు నీళ్ళు పిల్ల పేరు మీద నిలబెట్టవచ్చు, దానికి ఖుదాబక్ష్ సాక్ష్యం కావాలి. చేతనైన పని ఒకటి కనపడగానే కాళ్ళు చురుగ్గా కదిలాయి. ఆరేళ్ళలో మొదటిసారి నేను ఏదో మంచి బేరం మీద ఇంటికి పోతున్నట్టుంది.

మా పెరట్లో ఎండ నడినెత్తిన ఉంది. నా యాత్ర మూట కట్టేది తూబా. రెండు రోజులుగా అదే పని. ఎండబెట్టిన రొట్టెలు, మందు ఆకులు, దుప్పటి, కొత్త చెప్పులు వరసగా చాప మీద పేర్చింది. పన్నెండేళ్ళ పిల్ల, నిలువెత్తు మనిషి, తల మీద గుడ్డ ముడివేసుకుని, నీళ్ళ కుండీ పక్కన గొంతు కూర్చుని ఇసుకతో ఏదో తోముతోంది. నా నీడ మీద పడగానే తల ఎత్తి నవ్వింది. ఆ నవ్వు ఆ నిమిషం దాకా నాది అనుకున్నాను.

అన్ని ఇళ్ళూ అయిపోయాయా నాన్నా, గోలందామ్ అమ్మ ఏమంది అని అడుగుతూనే చెయ్యి ఆపకుండా తోముతోంది. దారిలో నీళ్ళు తాగడానికి గిన్నె కావాలి కదా, వంటింటివి బరువు, పెద్ద పెట్టె వెతికితే అడుగున ఈ పాతది దొరికింది, ఎంత నల్లగా ఉందో అంది. బంగారంలా మెరుస్తున్న రాగి గిన్నెను ఎండలో ఎత్తి నాకు చూపించింది. దాని అడుగున చిల్లులోంచి సన్నటి వెలుగు చుక్క ఒకటి జారి ఆమె చెంప మీద పడింది.

"చిల్లు ఉంది, కంసాలి దగ్గర పూడ్పించుకో నాన్నా. ఇందులో ఒక సూది ఇరుక్కుపోయి ఉంది, ఎంత గట్టిగా ఉందో, పళ్ళతో లాగితే గాని రాలేదు."

తడి అరచేయి చాపింది. తగరపు సూది, నా చిటికెన వేలిలో సగం కూడా లేదు.

ఎప్పుడు తీశావని అడిగాను. ఇప్పుడే, నువ్వు వాకిట్లోకి వస్తుంటే అంది.

చేతిలోంచి సూది లాక్కుని మళ్ళీ చిల్లులోకి దూర్చబోయాను. అది లోపలికి పోలేదు. ఆరేళ్ళు ఉన్న చోట అది ఇప్పుడు ఇమడటం లేదు. తూబా నా మొహం చూసి లేచి నిలబడింది. నాన్నా, ఏమైంది అంటోంది.

గోడ అవతల, ఆరేళ్ళుగా నేను వినని చప్పుడు మొదలైంది. పొడిగా, పాత తలుపు తీస్తున్నట్టు. ఒకసారి. ఆగి, ఇంకోసారి. తరవాత ఆగకుండా.

ఆ వెంటనే మాహ్రుఖ్ గొంతు, సంతోషంగా, గోడ దాటి వినిపించింది.

"బాబాయ్, ఊడింది. నా పన్ను ఊడింది. అమ్మకు చూపిస్తుంటే అమ్మ నోట్లోంచి కూడా ఎర్రగా వచ్చింది. ఒకసారి రావా?"